తల్లి వేషంలో కమలాబాయి



బోధన్ దగ్గరి అమ్దాపూర్‌కు చెందిన చిందు భాగవత కళాకారిణి చిందుల ఎల్లమ్మ ఆట కళ్లారా చూసినవాళ్లు మీలో ఇంకా ఉండే ఉంటారు. 2005లో ఆమె కన్నుమూసింది. ఇంటిల్లిపాదీ వేషం కట్టే కుటుంబంలో పుట్టిన బిడ్డకు నడకతోపాటే ఆట కూడా వస్తుంది. ఈవేళ నేను చెప్పబోయే సురభి కమలాబాయిదీ అట్లాంటి పుట్టుకే. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో కీచకవధతో మొదలైన కుటుంబ నాటక సమాజాల ఆడపడుచు. తల్లి వేషంలో ఉండగానే నొప్పులొచ్చి రంగస్థలం మీదే ఈమెను కన్నదని చెప్పుకుంటారు.

1932లో వచ్చిన మన తొలి టాకీ భక్త ప్రహ్లాదలో లీలావతి ఈమే. అదే ఏడు పాదుకా పట్టాభిషేకం, శకుంతల వచ్చాయి. తరవాత బొంబాయిలో హిందీ సినిమాలు. రెండో ప్రపంచ యుద్ధం ముగిసి మద్రాసు స్టూడియోలు పుంజుకునేసరికి నాయిక వేషాలు కొత్త తరం చేతికి వెళ్లాయి. కమలాబాయికి తల్లి వేషాలు మిగిలాయి.

పెద్ద నటికి చిన్న వేషాలేమిటని జాలిపడనక్కర్లేదు. ఆమె విద్య ఇప్పుడు మనకు కనబడేది వాటిలోనే. భక్త ప్రహ్లాద చూద్దామన్నా ప్రతి దొరకదు. కె.వి. రెడ్డి తీసిన పాతాళభైరవి మాత్రం ఉంది. 1951 నాటి ఆ సినిమాలో తోటరాముడి తల్లి కమలాబాయి. ఆ ఏడే వచ్చిన మల్లీశ్వరిలోనూ నటించింది.

పాతాళభైరవి చూసేటప్పుడు మన కళ్లు ఎన్.టి. రామారావును, ఎస్.వి. రంగారావును వదలవు. ఒక్కసారి వదిలి చూడండి. రాజుగారి తోటమాలి కొడుకు తోటరాముడు రాకుమారి మీద మనసు పడ్డాడు. ఆ తల్లికి ముందు పుట్టేది భయం, ఆ వెనకే కొడుకు మీద మురిపెం. ఈ రెండూ ఒకే ముఖంలో పలకాలి. ఆమె మాట్లాడేటప్పటికంటే కొడుకు మాట వింటున్నప్పుడు ఎక్కువ గమనించండి. ఎదుటివాడి మాట నిజంగా వినడం నటనలో కష్టమైన పని. ఇక గొంతు సంగతి. మైకు లేని రోజుల్లో చివరి వరుసదాకా పద్యం వినిపించాల్సిన నాటకాల మనిషి, ఇక్కడ ఇంట్లో కొడుకుతో మాట్లాడుతోంది. నిజాంసాగర్ కాలువ కింద, చెరుకు పొలాల మధ్య వలస రైతుల క్యాంపుల్లో పద్యనాటకం ఎరిగిన పెద్దలకు ఆ తేడా ఇట్టే పట్టుబడుతుంది.

కమలాబాయి 1971లో పోయింది. ఈసారి టీవీలో పాతాళభైరవి వేస్తే పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకుని, ఆ తల్లిని చూపించి పేరు చెప్పండి.